పటేలు మాటకూ పైసల మూటకూ నడుమ

ఓట్లు వస్తున్నాయంటే మా కాక ముందుగా సున్నం గూన కడిగి పెట్టేవాడు. పార్టీ ఏదైనా ఆయన పని ఒక్కటే. గోడ మీద దుమ్ము దులిపి, రెండు బారల మేర తెల్లగా పూసి, ఆరినాక అక్షరాలు ఎత్తుకునేవాడు. ఎరుపుకు జాజు, నీలానికి నీలిమందు. వానకు రంగు జారకుండా తుమ్మబంక నానబెట్టి అందులో కలిపేది. నేను బకెట్ పట్టుకొని వెంట తిరిగేవాణ్ణి. చెయ్యి గుర్తుకు రేకు కోసిన అచ్చు ఉండేది, గోడకు ఆనించి రంగు అద్దితే అయిపోయేది. సైకిలు అట్ల కాదు. మొలకు సుతిలి కట్టి రెండు చక్రాలు గీయాలి, పుల్లలు లెక్కగా రావాలి, గొలుసు కనిపించాలి. "చెయ్యికి చెయ్యంత పని, సైకిలుకు సైకిలు తొక్కినంత పని" అని కాక అనేవాడు. కూలి మాత్రం రెండింటికీ ఒకటే ఇచ్చేవారు.

మా పెగడపల్లిలో బజారుకు ముఖం ఉన్న గోడలు తక్కువ. అందుకని నోటిఫికేషన్ రాకముందే గోడ పట్టుడు మొదలయ్యేది. రాత్రికి రాత్రి నాలుగు మూలలా పార్టీ పేరు గీకి పోతే ఆ గోడ వాళ్లదైనట్టే. ఇంటాయనను అడిగిన పాపాన ఎవరూ పోలేదు. తెల్లారి లేచి చూసుకుంటే ఆయన ఏ పార్టీ మనిషో ఊరికి తెలిసిపోయేది, పాపం ఆయనకే తెలియకపోయేది. బజారు గోడ ఉన్నవాడికి ఆ నెలరోజులూ అరుగు మీద పిలిచి చాయ పోసేవాళ్లుండేవారు.

1990 చివర ఢిల్లీలో ప్రధాన ఎన్నికల కమిషనర్‌గా కూర్చున్న శేషన్ ఆరేళ్లలో ఈ సరదా చాలామట్టుకు తీసేశాడు. మైకులకు వేళ పెట్టాడు, ఖర్చులకు లెక్క అడిగించాడు, గోడల జోలికి పోతే కేసన్నాడు. 1997లో గోడలు ఖరాబు చేయకుండా రాష్ట్రంలోనే ఒక చట్టం వచ్చింది. ఊళ్లు చట్టం కంటే నిదానంగా నడుస్తాయి గనుక మా దగ్గర జాజు రాతలు ఆ తర్వాత కూడా కొన్నాళ్లు బతికాయి. వాటిని చట్టం చంపలేదు, ఫ్లెక్సీ చంపింది. అభ్యర్థి నవ్వే బొమ్మ కరీంనగర్‌లో అచ్చు వేసుకొని సాయంత్రానికి తెచ్చి కట్టే వీలుండగా కాకతో ఎవరికి పని?

పాత రోజులన్నీ బంగారమనే అలవాటు నాకు లేదు. మా చిన్నతనంలో ఓటంటే పటేలు మాట. పొద్దున మనిషొచ్చి వాడలో నిలబడి "ఫలానా గుర్తు మీద గుద్దుండ్రి" అని చెప్పి పోయేవాడు. ఆ మాటకు ఎదురు మాట లేదు. మా దిక్కు ఓటు వేయడాన్ని ఇప్పటికీ ఓటు గుద్దుడు అనే అంటారు. కాగితం మీద స్వస్తిక్ ముద్ర గుద్ది, మడిచి డబ్బాలో వేయాలి. మడత అడ్డంగా పెడితే ముద్ర రెండో గుర్తుకు అంటుకొని ఓటు పోతుందని, నిలువుగా మడవాలని బడిలో పంతుళ్లు చూపెట్టేవారు. గుద్దింది ఎక్కడో పటేలుకు తెలుస్తుందేమోనని మా అవ్వలాంటివాళ్లు ముద్ర ఎండేదాకా ఊది ఊది మడిచేవారు. ఊరి చెరువు, ఊరి భూములు, ఊరి తగాదాలు అన్నీ ఎవరి గుప్పిట్లో ఉన్నాయో ఓటు కూడా వాళ్ల గుప్పిట్లోనే ఉండేది.

ఆ గుప్పిట సడలింది 1978 తర్వాతే. ఆ ఏడు సెప్టెంబర్ 9న జగిత్యాలకు రైతుకూలీలు పెట్టిన యాత్రను జైత్రయాత్ర అంటారు. ఆ తర్వాత రెండు నెలలు తిరగకముందే జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను సర్కారు కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. గడీల్లోని వాళ్లు పట్నం దారి పట్టారు. పటేలు మాట పోయింది గాని దాని స్థానంలోకి వెంటనే స్వేచ్ఛ వచ్చి కూర్చోలేదు. అన్నలు, అంటే నక్సలైట్లు, ఎన్నికల బహిష్కరణ అని ఎర్ర అక్షరాలు రాసిపోయేవారు. కాక రాసిన సైకిలు పక్కనే ఆ రాతలు. పొద్దున పోలీసులొచ్చి "ఎవడు రాసిండ్రా" అని అడిగితే, జాజు అంటిన చేతులున్నవాడు ఊళ్లో కాక ఒక్కడే. ఓటు వేస్తే రాత్రి అన్నలకు, వేయకపోతే పగలు పోలీసులకు జవాబు చెప్పుకోవాల్సి వచ్చేది. వేలిమీది సిరా చుక్కను సున్నంతో రుద్దుకున్నవాళ్లు నాకు తెలుసు.

అందుకే నేను చెప్పే ఆ పోయిన బతుకు ఎంతో పాతది కాదు. పటేలు మాట పోయాక, పైసల మూట పూర్తిగా రాకముందు, నడుమ ఓ పదిహేనేళ్లు మా పల్లెల్లో ఓటు గురించి మనిషి మనిషితో మాట్లాడాల్సిన అవసరం ఉండేది. ఆ కాలం నాకు ఉపఎన్నికలతోనే గుర్తుంది. మామూలు ఎన్నికల్లో రాష్ట్రమంతా ఒక్కసారే ఓట్లు పడతాయి, మా వంతుకు పెద్ద నాయకుడెవరూ రాడు. ఉపఎన్నిక అట్ల కాదు. సర్కారు మొత్తం వచ్చి మన బజార్లో కూర్చుంటుంది.

మొదటి పెద్దది 1996లో జగిత్యాలది. అంతకు రెండేళ్ల ముందు జగిత్యాల ఎమ్మెల్యేగా గెలిచిన తెలుగుదేశం ఎల్. రమణ ఆ ఏడు కరీంనగర్ ఎంపీ అయ్యారు. ఖాళీ అయిన సీటుకు కాంగ్రెస్ తరఫున టి. జీవన్‌రెడ్డి నిలబడి గెలిచారు. జీవన్‌రెడ్డిది మా మండలంలోని బతికెపల్లి. మండలాలు పుట్టకముందు, 1981లో, మల్యాల సమితి అధ్యక్షుడిగా మొదలైన మనిషి. 1983లో తెలుగుదేశం నుంచి, 1989లో కాంగ్రెస్ నుంచి జగిత్యాలలో గెలిచారు. అందువల్ల జగిత్యాలలో ఎన్నికంటే మా మండలంలో సగం మందికి చుట్టాల పెళ్లి లెక్క. ఎడ్లు అమ్ముకొనేందుకు జగిత్యాల సంతకు పోయినవాడు కూడా ఓట్ల ముచ్చట మోసుకొని తిరిగొచ్చేవాడు. హైదరాబాదులో ఫోటోల్లో చూసిన మంత్రులు చాయ హోటల్ బల్లల మీద కూర్చొని మిర్చీలు తినేవారు. "ఏం పెద్దమనిషీ, బాగున్నవా" అని భుజం మీద చెయ్యి వేస్తే, ఆ పెద్దమనిషి ఆ చెయ్యిని తియ్యనియ్యకుండానే బోరుబావి కరెంటు సంగతి అడిగేవాడు. మంత్రి పీఏ చిన్న పుస్తకంలో రాసుకునేవాడు. రాసుకున్నది అయ్యిందా లేదా అంటే, సగం అయ్యేది. ఆ సగమే మాకు ఎక్కువ.

అదే ఏడు లోక్‌సభ ఎన్నికల్లో నల్లగొండలో ఫ్లోరైడ్ నీళ్ల గోస చెప్పుకోవడానికి నామినేషన్లు వేసినవాళ్లతో కలిపి 480 మంది బరిలో నిలిచారు. బ్యాలెట్ కాగితం పుస్తకమంత అయ్యిందని రేడియోలో విని మా దగ్గర నవ్వుకున్నారు. ఎన్నికను గెలవడానికి కాక, ఒక మాట చెప్పడానికి కూడా వాడుకోవచ్చునని ఆ నవ్వుల వెనక ఎక్కడో నాటుకుంది. పద్నాలుగేళ్ల తర్వాత అది మా దగ్గరే మొలకెత్తింది.

దానికంటే ముందు 2006. తెరాస నాయకుడు కేసీఆర్ కరీంనగర్ ఎంపీ పదవికి రాజీనామా చేసి మళ్లీ నిలబడ్డారు. డిసెంబర్‌లో ఓట్లు. ఎదురు అభ్యర్థి ఎవరనుకున్నారు, మా బతికెపల్లి జీవన్‌రెడ్డే. అప్పుడు మా ఇండ్లల్లో జరిగిన కొట్లాట ఇప్పటివాళ్లకు చెప్పినా అర్థం కాదు. ఒక దిక్కు మనోడు, ఆపతికి సంపతికి వచ్చి నిలబడ్డవాడు. ఇంకో దిక్కు ప్రత్యేక తెలంగాణ మాట. అన్నం కాడ తండ్రి ఒకటంటే కొడుకు ఇంకోటి. ఆడబిడ్డ అత్తగారింటి నుంచి వచ్చి "మా దిక్కంత కారే నాయినా" అని చెప్పిపోయేది. కల్లు మండువ కాడ రోజూ అదే పంచాయితీ. "మనిషి మంచోడే, కాదన్నదెవరు? గని గీ ఓటు మనిషికి కాదు" అని ఒక ముసలాయన తేల్చేసిన మాట నాకింకా చెవుల్లో ఉంది. కేసీఆర్ రెండు లక్షల పైచిలుకు ఓట్లతో గెలిచారు. ఓడిన మనిషిని మా ఊరివాళ్లు ఎవరూ తక్కువ చేసి మాట్లాడలేదు. ఓటు వేయనివాళ్లే పోయి పలకరించి వచ్చారు.

2008 మరో పాఠం. తెరాస ఎమ్మెల్యేలు 16 మంది, ఎంపీలు నలుగురు రాజీనామా చేశారు. మే 29న, రోహిణి ఎండల్లో ఓట్లు. ఉద్యమం ఊపులో అన్నీ వాళ్లవే అనుకున్నారు. అసెంబ్లీ సీట్లలో నిలబెట్టుకున్నది ఏడు. కరీంనగర్‌లో మళ్లీ అదే ఇద్దరు, ఈసారి తేడా పదిహేను వేల పైచిలుకే. రెండేళ్లలో రెండు లక్షలు పదిహేను వేలయ్యాయంటే జనం తెలంగాణ వద్దన్నారని కొందరు పత్రికల్లో రాశారు. మా దగ్గర ఆ లెక్క వేరే. మాటిమాటికి రాజీనామా ఎందుకని జనం విసుక్కున్నారు, అంతే. ఎల్లకాలం మమ్మల్నే పరీక్ష రాయమంటే ఎట్లా అని అడిగినట్టు ఓటేశారు. ఆ ఏడు మేడారం నుంచి గెలిచి నిలిచినవాళ్లలో కొప్పుల ఈశ్వర్ ఒకరు.

2009లో నియోజకవర్గాల గీతలు మారాయి. మేడారం, బుగ్గారం పేర్లు చెరిగిపోయాయి. పెగడపల్లి మండలం ధర్మపురి కిందికి వచ్చింది. గొల్లపల్లి, వెల్గటూరు, ధర్మారంతో కలిసి, ఎస్సీలకు కేటాయించిన సీటు. పెద్దోళ్ల మొహాలు కొన్నాళ్లు చిన్నబోయాయి. ఎన్నడూ ఓటు అడగడానికి వాడలోకి రానివాళ్లు ఇప్పుడు వాడ మనిషిని వెంటేసుకొని తమ ఇండ్ల కాడికే ఓటు అడగడానికి రావాల్సి వచ్చింది. కొప్పుల ఈశ్వర్ గెలిచారు. ఏడాది తిరగకముందే ఆయన కూడా రాజీనామా చేశారు.

ఎందుకో తెలిసిందే. 2009 నవంబర్ 29న కేసీఆర్ దీక్ష, డిసెంబర్ 9న తెలంగాణ ఇస్తామని ఢిల్లీ ప్రకటన, డిసెంబర్ 23న వెనకడుగు. ఆ మీదట శ్రీకృష్ణ కమిటీ. దానికి అప్పజెప్పిన పని చూసి 2010 ఫిబ్రవరిలో తెరాస ఎమ్మెల్యేలు పదిమందీ, బీజేపీ నుంచి ఒకరు, తెలుగుదేశం నుంచి వచ్చిన వేములవాడ చెన్నమనేని రమేశ్ రాజీనామా చేశారు. పన్నెండు సీట్లకు జూలై 27న ఓట్లు పెట్టారు. జూలై అంటే మాకు నాట్లు. ఆ ఉపఎన్నిక మొత్తం బురదలో జరిగింది. నాయకులు పొలం గట్ల మీద చెప్పులు చేత పట్టుకొని నడిచారు. నారు కట్టలు అందుకుంటూ కైకిలోళ్లు "నడుం వంచి నాలుగు మొక్కలు నాటి పోరాదు సారూ" అంటే, నాటి పోయినవాళ్లూ ఉన్నారు. వరుస వంకర పోయిందని మళ్లీ పీకి నాటుకున్నది వేరే సంగతి.

బీడీలు చేసే ఇండ్లల్లో ప్రచారం చూడాలి మీరు. మా జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల దిక్కంతా మధ్యాహ్నం అరుగుల మీద ఆడవాళ్లు చాటలు ఒళ్లో పెట్టుకొని కూర్చుంటారు. తునికాకు కత్తిరించుడు, తంబాకు పోసి చుట్టుడు, దారం కట్టుడు. చేతులు ఆగవు, నోరు ఆగదు. ఎవరు వచ్చి మాట్లాడినా తలెత్తకుండా వినేవారు. నిమ్మళంగా అంతా విని, చివర ఒక ప్రశ్న వేసేవారు. చదువుకున్నవాళ్లు తడుముకునేది ఆ ప్రశ్నల కాడనే. ఉస్మానియా నుంచి వచ్చిన విద్యార్థులు నీళ్లు, నిధులు, నియామకాలు అని లెక్కలు చెప్పారు. ఒక అవ్వ అంతా విని "బిడ్డా, రాష్ట్రం వస్తె మా పోరగాండ్లు దుబాయి పోవుడు ఆగుతదా" అన్నది. ఆ పిల్లాడు అబద్ధం చెప్పలేదు. తక్షణం ఆగదు, కొలువులు వస్తే తగ్గుతదన్నాడు. ఆ అవ్వ బీడీ కట్ట పక్కన పెట్టి అతనికి అన్నం పెట్టింది.

దుబాయి అంటే గుర్తొచ్చింది. ఆ ఉపఎన్నికకు గల్ఫ్ నుంచి వచ్చినన్ని ఫోన్లు మా ఊరికి పండుగలకు కూడా రాలేదు. క్యాంపుల్లో ఉన్నవాళ్లు రాత్రి షిఫ్టు దిగి తల్లికి, పెళ్లానికి ఫోన్ చేసి గుర్తు చెప్పేవారు. నెలనెలా పైసలు పంపేవాడి మాట కదా, నడిచేది. అయినా "నువ్వక్కడ ఉండి చెప్తవు, ఈడ ఉండేది మేము" అని కసిరిన ఆడవాళ్లు కూడా ఉన్నారు. ఓటు లేనివాడి ప్రచారం, ఓటున్న ఆడమనిషి పెత్తనం ఆ ఫోన్లలో కలిసి నడిచాయి.

రాత్రయితే ధూంధాం. వాన కొట్టిపోయిన బడి మైదానంలో డప్పు వేడి చేసుకోవడానికి గడ్డి మంట. గజ్జెలు, గొంగడి, గొంతు. మా దగ్గర పాట కొత్త కాదు, ఒగ్గుకథలో పుట్టి పెరిగిన ఊళ్లు. కానీ పాట అయిపోయినాక జనం లేచిపోకుండా కూర్చొని వాదించుకునేవారు. నాకు ఆ రెండో భాగమే ఇష్టం. పాట కట్టినాయన చెమట తుడుచుకుంటూ వచ్చి చాపమీద కూర్చుంటే, నది నీళ్ల వాటా లెక్క తప్పు చెప్పావని ఊరి పంతులు ఆయనను పట్టుకునేవాడు. అదే జూలైలో తెలుగుదేశం నాయకుడు చంద్రబాబు గోదారి మీది బాబ్లీ ప్రాజెక్టు కాడికి పోతానని బయలుదేరి మహారాష్ట్రలో అరెస్టయ్యారు. గోదారి ఒడ్డు నియోజకవర్గం కదా, ఓట్లు అటు మళ్లుతాయేమోనని వాళ్ల పార్టీవాళ్లు ఆశపడ్డారు. మళ్లలేదు. నీళ్ల సంగతి నిజమే, తెచ్చిన వేళ వేరని జనం పసిగట్టారు.

ఇక ఆ నల్లగొండ విత్తనం. అప్పటి ఓటింగ్ మిషన్లకు 64 మంది అభ్యర్థుల కంటే ఎక్కువ పట్టరు. మిషన్ల మీద అనుమానంతో ఉద్యమంవాళ్లు కొన్ని నియోజకవర్గాల్లో కుప్పలుగా నామినేషన్లు వేయించారు. లెక్క 64 దాటిన చోట ఎన్నికల సంఘం మళ్లీ కాగితం, మళ్లీ డబ్బా తీయాల్సి వచ్చింది. 2004 నుంచి దేశమంతా మిషన్లే అయ్యాక, పోయిందనుకున్న స్వస్తిక్ ముద్ర అట్లా తెలంగాణకు ఒకసారి తిరిగొచ్చింది. జూలై 30న ఫలితాలు. పన్నెండుకు పన్నెండూ రాజీనామా చేసిన పార్టీలవే, తెరాసకు 11, నిజామాబాద్ అర్బన్‌లో బీజేపీకి ఒకటి. అక్కడ ఓడింది అప్పటి పీసీసీ అధ్యక్షుడు డి. శ్రీనివాస్. ధర్మపురిలో కొప్పుల ఈశ్వర్ మళ్లీ గెలిచారు.

కాగితం గురించి ఒక్క సంగతి చెప్పాలి, చాలామంది దీన్ని పట్టించుకోరు. కాగితాల లెక్కింపులో అనేక బూత్‌ల డబ్బాలను ఒక్క దగ్గర కుమ్మరించి కలిపేవారు. ఆ తర్వాతే కట్టలు కట్టి గుర్తుల వారీగా లెక్క. ఏ వాడ ఎటు వేసిందో గెలిచినవాడికీ తెలియదు, ఓడినవాడికీ తెలియదు. ఊరు మొత్తం ఒక గుట్టు. ఊరు ఎటువైపు ఉందో తెలుసుకోవాలంటే అభ్యర్థి ముందే వచ్చి కూర్చొని, ముఖాలు చూసి, మాటలు విని అంచనా కట్టుకోవాల్సిందే. మిషన్ వచ్చాక బూత్‌కు బూత్ లెక్క బయటపడుతుంది. ఫలానా బడిలో ఫలానా గదిలో ఫలానా పార్టీకి ఎన్ని. ఇట్లా బయటపడితే ఊళ్ల మీద కక్ష కడతారని ఎన్నికల సంఘమే 2008లో మిషన్ల లెక్కలు కలిపి చూపే టోటలైజర్ పెడదామన్నది. 2015లో లా కమిషన్ కూడా సరేనన్నది. కేంద్రం ఒప్పుకోలేదు. నాకు తెలిసినంతలో పైసల మూటకు తలుపు బార్లా తెరిచింది ఈ లెక్కే. బూత్‌కు ఇంత అని ఇచ్చి, మరునాడు ఇచ్చినంతకు వచ్చిందా లేదా చూసుకునే వీలు దొరికాక, అరుగు మీద కూర్చొని నీళ్ల వాటా వాదించే తీరిక ఎవరికుంటుంది?

తెలంగాణ వచ్చాక ఉపఎన్నికలు ఆగలేదు. దుబ్బాక, హుజూరాబాద్, మునుగోడు. మా పక్క జిల్లా హుజూరాబాద్‌లో 2021లో జరిగింది చూడ్డానికి మా ఊరి నుంచి కొందరు పోయారు. పాట వినడానికి కాదు, ఓటు రేటెంత నడుస్తుందో చూసి రావడానికి. మునుగోడుకైతే ఎవరూ పోలేదు, ఫోన్లోనే చూశారు.

మా ధర్మపురి మాత్రం అసలు ఎన్నికల్లోనే ఉపఎన్నికంత పని చేసింది. 2018లో కొప్పుల ఈశ్వర్ 441 ఓట్లతో అడ్లూరి లక్ష్మణ్‌కుమార్ మీద గెలిచారు. లెక్క తప్పిందని ఓడినాయన హైకోర్టుకు పోయారు. 2023లో కోర్టు చెప్పినట్టు కాగితాలు చూద్దామని పోతే స్ట్రాంగ్ రూం తాళంచెవులు దొరకలేదు. నాలుగున్నరేళ్లు ఊళ్లలో ఆ 441 గురించి మాట్లాడనివాళ్లు లేరు. పోస్టల్ బ్యాలెట్లు, వీవీప్యాట్ చీటీలు, తాళాలు. కరెంటు గురించి, దుబాయి గురించి అడిగే అవ్వలు ఆ ముచ్చటలో ఎక్కడా లేరు. ఆ ఏడు చివర జరిగిన ఎన్నికల్లో లక్ష్మణ్‌కుమార్ గెలిచారు.

ఆ గెలుపు మరునాడే బూత్‌ల వారీ కాగితం వాట్సాప్‌లో మా ఊరికి వచ్చింది. సాయంత్రం హోటల్ కాడ ఒక పార్టీ మనిషి దాన్ని పెద్దది చేసి చూస్తూ మా వాడ పెద్దమనిషిని పిలిచాడు. "ఏందే మామా, మీ బూతుల గిన్నేనా? మూడొందల యాభై అన్నవు" అన్నాడు. పెద్దమనిషి చాయ ఊదుకుంటూ "నువ్విచ్చింది మూడొందల మందికే గద అల్లుడా. తతిమ్మావి ముచ్చట చెప్పి తెద్దామనుకున్న. ముచ్చట ఎవలు ఇంటుండ్రు" అన్నాడు.